ఇళయరాజా పాటలు కాసేపు పక్కన పెట్టి ఆర్‌ఆర్ గురించి మాట్లాడుకుందాం

ఇళయరాజా పేరెత్తగానే మనవాళ్లు పాటే అందుకుంటారు. ఒకరు "మాటరాని మౌనమిది" అంటారు, ఇంకొకరు "వెన్నెల్లో గోదారి అందం" అంటారు, ఇక గంటసేపు వేరే టాపిక్ ఉండదు. నేనూ ఆ పాటలతోనే పెరిగాను కాబట్టి దాన్ని తప్పు పట్టను. కానీ ఆయన కెరీర్ గురించి ఎక్కడ ఏ వ్యాసం చదివినా ఇన్ని సినిమాలు, ఇన్ని వేల పాటలు అనే లెక్క దగ్గరే ఆగిపోతుంది, అది నాకు చాలా ఏళ్లుగా బాధ. సినిమాకి ఐదారు పాటలంటే మహా అయితే అరగంట. మిగిలిన రెండు గంటలు మాటల కింద, మాటలు లేనిచోట, హీరోయిన్ కిటికీ పక్కన ఊరికే నిలబడి ఉన్నప్పుడు వినిపించేదంతా ఎవరు రాశారు? అదీ ఆయనే. ఇండస్ట్రీలో దాన్ని రీరికార్డింగ్ అంటారు, పొట్టిగా ఆర్‌ఆర్. ఇప్పటి పిల్లలు బీజీఎం అంటున్నారు.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. పాటలు కట్టడంలో ఇళయరాజాతో సమానంగా నిలబడే మహానుభావులు మనకి ఉన్నారు, సాలూరి రాజేశ్వరరావు గారు, పెండ్యాల గారు, రమేష్ నాయుడు గారు, ఇంకా చాలామంది. ఆర్‌ఆర్ దగ్గరికొస్తే మాత్రం దక్షిణాదిలో ఆయన పక్కన కుర్చీ వేసి కూర్చోబెట్టడానికి నాకు ఎవరూ కనిపించరు. ఆయన కెరీర్‌ని ఆ వైపు నుంచి చూస్తే కథే వేరేగా కనిపిస్తుంది.

ఆయన పుట్టింది 1943లో, ఇప్పటి తేని జిల్లాలోని పణ్ణైపురంలో. పద్నాలుగేళ్లకే అన్న పావలర్ వరదరాజన్ బృందంలో చేరారు. అది పల్లెపల్లెకీ తిరిగి కమ్యూనిస్టు పార్టీ సభల్లో పాటలు పాడే బృందం. అన్న పాడుతుంటే తమ్ముడు హార్మోనియం వాయించాలి. ఈ విషయం అందరూ ఒక లైన్లో చెప్పి వదిలేస్తారు, నాకేమో ఆయన ఆర్‌ఆర్‌కి పునాది అక్కడే పడిందనిపిస్తుంది. బయట సభల్లో పాడేవాడు ఎక్కడ ఆగుతాడో, ఏ మాట దగ్గర జనం నవ్వుతారో, ఎప్పుడు గోల చేస్తారో ముందుగా తెలియదు. హార్మోనియం మీద కూర్చున్నవాడు ఎదుటివాళ్ల మొహాలు చూస్తూ అప్పటికప్పుడు నింపాలి, అవసరమైతే చేతులు తీసేయాలి. కొన్నేళ్లపాటు ఊరూరా అలా వాయించినవాడికి మనుషుల మూడ్ ఎప్పుడు మారుతుందో ఒంట్లోనే తెలిసిపోతుంది.

1968లో మద్రాసులో ధనరాజ్ మాస్టారు దగ్గర పాశ్చాత్య సంగీతం నేర్చుకోవడం మొదలుపెట్టారు. స్టాఫ్ నొటేషన్ (ఐదు గీతల మీద స్వరాలు రాసే పాశ్చాత్య పద్ధతి) చదవడం, రాయడం, బాఖ్ లాంటి పాశ్చాత్య స్వరకర్తలు రెండు మూడు స్వర వరుసల్ని ఒకేసారి ఎలా నడిపించారో చూడటం, ఇదంతా అక్కడే. లండన్ ట్రినిటీ కాలేజీ గిటార్ పరీక్షలు కూడా పాసయ్యారు. పొట్టకూటికి స్టూడియోల్లో గిటార్, ఆర్గన్ వాయించారు, సంగీత దర్శకుడు సలీల్ చౌధురి రికార్డింగుల్లోనూ వాయించారు. ఆ తర్వాత సంగీత దర్శకుడు జి.కె. వెంకటేష్ దగ్గర అసిస్టెంట్. ఆ రోజుల కన్నడ సినిమాలు ఎన్నిటికో ఆయన పక్కన పనిచేశారు. అసిస్టెంట్ అంటే ట్యూన్ కట్టేవాడు కాదు. ఎవరికి ఏ బిట్టో రాసివ్వాలి, తెరమీద సీన్ ఎంతసేపుందో చూసుకోవాలి, మ్యుజీషియన్లని కూర్చోబెట్టి వాయించుకోవాలి. 1976లో తమిళంలో "అన్నక్కిళి"తో సంగీత దర్శకుడయ్యే నాటికి ఈ వంటిల్లంతా ఆయనకి కొట్టినపిండి. పాటల్లో జానపదం వినిపించేసరికి అందరూ పల్లెటూరి కుర్రాడు కొత్త గాలి తెచ్చాడన్నారు. నిజమే, కానీ ఆ కుర్రాడు అప్పటికి ఏళ్ల తరబడి ఆర్‌ఆర్ థియేటర్లో నలిగినవాడు కూడా.

ఆ కాలంలో ఆర్‌ఆర్ ఎలా జరిగేదో తెలిస్తే తప్ప ఈ మనిషి చేసింది ఏంటో అర్థం కాదు. ఫిల్ము రోజులు అవి. వెయ్యి అడుగుల రీలంటే 11 నిమిషాలు చిల్లర, మన సినిమా 14, 15 రీళ్లు ఉంటుంది. రికార్డింగ్ థియేటర్లో ఎదురుగా తెర, కింద వయొలిన్లు, ఫ్లూటు, తబలా, డ్రమ్స్, బేస్ గిటార్, కీబోర్డు, అందరి ముందూ స్టాండ్ల మీద నొటేషన్ కాగితాలు. ప్రొజెక్టర్లో రీలు తిరుగుతుంటే కండక్టర్ ఒక కన్ను తెరమీద, ఒక కన్ను కాగితం మీద పెట్టి చెయ్యి ఊపుతాడు, అందరూ కలిసి వాయిస్తారు. వెనక వరసలో ఒక్క వయొలిన్ అపస్వరం పలికితే రీలు వెనక్కి తిప్పాలి, మళ్లీ మొదటినుంచి. అందుకే మామూలుగా ఏం చేసేవాళ్లంటే, ఏడుపుకి ఒక బిట్, భయానికి ఒక బిట్, కామెడీకి ఒక బిట్ దగ్గర పెట్టుకుని సీన్ వచ్చినప్పుడు వాయించేసేవారు. పాత సినిమాలన్నీ అలాగే అని కాదు, గొప్పవి చాలా ఉన్నాయి. కానీ టైమ్, డబ్బు రెండూ లేని చోట అదే దారి.

ఇళయరాజా పద్ధతి వేరు. రీలు వేయించుకుని చూస్తారు. చూశాక కాగితం, పెన్ను. పక్కన హార్మోనియం కూడా ఉండదు. ఎవరేం వాయించాలో మొత్తం స్కోరు నేరుగా స్టాఫ్ నొటేషన్లో రాసుకుంటూ పోతారు. దాంట్లోంచి ఎవరి భాగం వాళ్లకి కాపీ చేసిస్తే వాళ్లు చూసి వాయిస్తారు. ఆయన దగ్గర పనిచేసినవాళ్లు, దర్శకులు ఎంతమందో ఇదే మాట ఆశ్చర్యపోతూ చెప్పారు. వాయించి చూసుకుని దిద్దుకోవడం అనేది ఉండదు, చెవికి వినపడకముందే లోపల పూర్తయిపోయి ఉంటుంది.

ఇందులో లెక్క కూడా ఉంది, దాన్ని కొంచెం దగ్గరగా చూపిస్తాను (నేను ఊహించుకున్న సీనే, ఫలానా సినిమాలోది కాదు). 45 సెకన్ల సీన్ అనుకోండి. ఒక ముసలాయన గదిలో ఒంటరిగా కూర్చున్నాడు, సరిగ్గా ముప్పై ఒకటిన్నర సెకన్ల దగ్గర తలుపు తెరుచుకుని పోయాడనుకున్న కొడుకు కనిపిస్తాడు. నిమిషానికి 80 దెబ్బల లయ పెట్టుకుంటే మొత్తం 60 దెబ్బలు, నాలుగు దెబ్బలు ఒక బారు చొప్పున 15 బార్లు. మరి తలుపు తెరుచుకునేది ఎక్కడ? 42 దెబ్బలు అయిపోయిన చోట. అంటే పది బార్లు పూర్తయి, పదకొండో బారు సగంలో. అలాగే వదిలేస్తే కొడుకు మొహం కనిపించే క్షణానికి సంగీతం ఎటూ కాకుండా మధ్యలో వేలాడుతూ ఉంటుంది. అందుకని పది బార్ల తర్వాత రెండు దెబ్బల చిన్న బారు ఒకటి ఇరికిస్తే తలుపు తెరుచుకునే చోటికి కొత్త బారు మొదటి దెబ్బ వచ్చి కూర్చుంటుంది. చూసేవాడికి ఆ రెండు దెబ్బలు పొరపాటున కూడా తెలియవు, కానీ గొంతులో ఏదో అడ్డం పడుతుంది. ఇప్పుడు కంప్యూటర్లో వీడియో పెట్టుకుని గీత జరిపితే ఇదంతా అదే చెప్తుంది. అప్పట్లో నిమిషానికి 90 అడుగుల ఫిల్ము అనే లెక్క మీద, బుర్రలో చేసుకోవాలి. అది కూడా ఎనభైల మధ్యలో, ఏడాదికి నలభై సినిమాలు దాటిపోతున్న రోజుల్లో!

వాయించినవాళ్లని కూడా తలుచుకోవాలి. వయొలిన్ వి.ఎస్. నరసింహన్ (తర్వాత మద్రాస్ స్ట్రింగ్ క్వార్టెట్ పెట్టింది ఈయనే), ఫ్లూట్ నెపోలియన్, కీబోర్డు విజి మాన్యుయేల్, బేస్ గిటార్ శశిధరన్, రిథమ్ చూసుకునే పురుషోత్తమన్. మనం ఇళయరాజా సౌండ్ అంటున్నదాంట్లో వీళ్ల వేళ్లు, ఊపిరి ఉన్నాయి. ఆ గది కూడా ముఖ్యమే. ఏలూరు పక్కన సోమవరప్పాడు నుంచి వెళ్లిన మన ఎల్.వి. ప్రసాద్ గారు కట్టిన ప్రసాద్ స్టూడియోలో ఆయనకంటూ ఒక రికార్డింగ్ థియేటర్ నాలుగు దశాబ్దాలకు పైగా నడిచింది. 2020లో వివాదం కోర్టుదాకా వెళ్లి అక్కడినుంచి బయటికి రావాల్సి వచ్చింది, 2021లో కోడంబాక్కంలో సొంత స్టూడియో పెట్టుకున్నారు. ఎవరిది న్యాయం అనే గొడవలోకి నేను వెళ్లను. ఒకే గదిలో, ఆ గోడల ప్రతిధ్వని కూడా తెలిసిపోయిన చోట అన్నేళ్లు రాయడం అనేది ఏ స్వరకర్తకీ మామూలుగా దొరికే అదృష్టం కాదు, అంతవరకే నా మాట.

ఇక మన సినిమాలు. 1977లో "భద్రకాళి"తో తెలుగులోకి వచ్చారు. "సాగర సంగమం" 1983. ఆ సినిమాకి ఉత్తమ సంగీత దర్శకుడిగా జాతీయ అవార్డు వచ్చింది, దాన్ని కూడా మనం పాటల ఖాతాలో వేసేసుకున్నాం. అందులో ఒక సీన్ చెప్తాను, మీకు గుర్తుండే ఉంటుంది. జయప్రద ఒక పుస్తకం తెచ్చి కమల్ హాసన్ చేతికిస్తుంది, పెద్ద నాట్యోత్సవం ఆహ్వాన పత్రిక. అతను పేజీలు తిప్పుతూ మహామహుల ఫోటోలు చూసి పొంగిపోతూ ఉంటాడు, ఇంకో పేజీ, ఇంకో పేజీ, ఒక పేజీలో తన ఫోటో. ఆ సీన్‌ని ఒకసారి సౌండ్ పూర్తిగా తీసేసి చూడండి. కమల్ నటన, విశ్వనాథ్ గారి షాట్లు, అన్నీ అలాగే ఉంటాయి, గొప్పగానే ఉంటాయి. ఇప్పుడు సౌండ్ పెట్టి మళ్లీ చూడండి. పేజీకి పేజీకి మధ్య పట్టే టైమే మారిపోయినట్టు ఉంటుంది. నేను ఎవరికి ఆర్‌ఆర్ అంటే ఏంటో చెప్పాల్సి వచ్చినా ఈ సీనే చూపిస్తాను, ఇలాగే చూపిస్తాను, వివరించాల్సిన అవసరం ఇప్పటిదాకా రాలేదు.

వంశీ సినిమాలైతే అసలు వేరే లోకం. "సితార", "అన్వేషణ", "లేడీస్ టైలర్", "మహర్షి"... వంశీ షాట్లలో గోదావరి, చెట్లు, పాడుబడ్డ మేడలు మనుషులతో సమానంగా పాత్రలు. అలాంటి దర్శకుడికి మాటల్ని నమ్ముకునే స్వరకర్త పనికిరాడు. "అన్వేషణ" (1985) థ్రిల్లరు, కథే అడవి, పక్షుల కూతలు, సంగీతం చుట్టూ తిరుగుతుంది. ఆ సినిమాలో భయం పుట్టించే పని దాదాపు అంతా చెవులదే. ఇప్పుడొచ్చే హారర్ సినిమాల్లో ఉలిక్కిపడేలా ఢాం అని ఒక మోత వేసి భయం అంటున్నారు, అది భయం కాదు, అదిరిపాటు. "అన్వేషణ"ని రాత్రి హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చూస్తే తేడా మీకే తెలుస్తుంది.

"గీతాంజలి" (1989) మణిరత్నం నేరుగా తెలుగులో తీసిన ఒకే ఒక సినిమా. గుండె జబ్బుతో ఉన్న అమ్మాయి కథ. అందులో "ఓం నమః" పాటకి లయగా గుండె చప్పుడు పెట్టారు. పాట కట్టే బుర్ర తబలా పెడుతుంది, డ్రమ్ పెడుతుంది. కథలోంచి, ఆ అమ్మాయి ఒంట్లోంచి లయ తీసుకోవడం ఆర్‌ఆర్ రాసే బుర్రకే తడుతుంది. ఆయన పాటల్లో ఇలాంటివి వెతికితే బోలెడు. అదే ఏడాది "శివ" వచ్చింది, కాలేజీ, సైకిల్ చైను, వీధులు, రామ్ గోపాల్ వర్మ సౌండ్ మీద అంత పట్టుదలగా పనిచేసిన తెలుగు సినిమా అంతకుముందు నేను చూడలేదు. అలాంటి చోట సంగీతం ఎప్పుడు తప్పుకోవాలో తెలియడం కూడా పనే. అంతకుముందు ఏడాది "రుద్రవీణ" ఉండనే ఉంది, దానికీ జాతీయ అవార్డు.

అన్నీ గొప్పవే అని నేను అనను. అన్ని సినిమాలు అంత వేగంగా చేసినప్పుడు కొన్నిట్లో ఆర్‌ఆర్ మొక్కుబడిగా ఉంది. ఎనభైల చివర్లో సింథసైజర్ ఎక్కువైన కొన్ని మాస్ సినిమాల్లో ఆ సౌండు ఇప్పుడు వింటే పాతబడిపోయి పలచగా ఉంటుంది. కానీ ఓ మోస్తరు సినిమాలో కూడా ఉన్నట్టుండి ఒక నిమిషం వయొలిన్ల ముక్క వస్తుంది చూడండి, దర్శకుడికే తెలియని లోతు ఆ సీన్‌కి వచ్చేస్తుంది. అలాంటి ముక్కలు ఎన్ని సినిమాల్లో ఎవరూ వినకుండా పడి ఉన్నాయో తలుచుకుంటే మనసు ఉసూరుమంటుంది.

అవార్డుల వాళ్లు కూడా ఈ పనిని విడిగా చూడటానికి చాలా టైమ్ తీసుకున్నారు. 2009 సినిమాల జాతీయ అవార్డుల్లో పాటలకి వేరు, నేపథ్య సంగీతానికి వేరు అని ఇచ్చారు, నేపథ్య సంగీతం అవార్డు మలయాళం "పళశ్శిరాజా"కి ఇళయరాజాకే వచ్చింది. మళ్లీ 2015కి తమిళం "తారై తప్పట్టై"కి, అది ఆయన వెయ్యో సినిమా. వెయ్యో సినిమాకి వచ్చిన జాతీయ అవార్డు పాటలకి కాదు, ఆర్‌ఆర్‌కి, ఈ సంగతి మా ఫ్రెండ్స్‌లో సగం మందికి ఇప్పటికీ తెలియదు. కీరవాణి గారి విషయంలోనూ ఇదే జరిగింది. 2023 మార్చిలో "నాటు నాటు"కి ఆస్కార్ వస్తే ఊరూరా పండగ చేసుకున్నాం, చేసుకోవాల్సిందే. అదే ఏడాది ఆగస్టులో అదే "ఆర్ఆర్ఆర్"కి నేపథ్య సంగీతానికి జాతీయ అవార్డు ఆయనకి వస్తే పేపర్లో వార్త చదివి పక్కన పెట్టేశాం. మూడు గంటల సినిమాని భుజాన మోసింది ఆ రెండోదే కదా.

తెలుగులో ఈ పని మీద ప్రేమతో వచ్చినవాళ్లలో నాకు బాగా ఇష్టమైన మనిషి మణిశర్మ. ఇళయరాజా, కీరవాణి లాంటివాళ్ల దగ్గర కీబోర్డు వాయిస్తూ వచ్చారు, వర్మ 1992లో "రాత్రి"కి ఆర్‌ఆర్ చేయమని ఆయన్ని పిలిచారు. అంటే ఆ కెరీర్ మొదలైందే ఆర్‌ఆర్‌తో. "ఒక్కడు", "అతడు" చూసినప్పుడు ఆ పునాది తెలిసిపోతుంది. ఈమధ్య పాటలు ఒకరికి, ఆర్‌ఆర్ ఇంకొకరికి ఇవ్వడం మామూలైపోయింది. "అర్జున్ రెడ్డి"కి పాటలు రధన్, ఆర్‌ఆర్ హర్షవర్ధన్ రామేశ్వర్. "రాధే శ్యామ్"కి పాటలు జస్టిన్ ప్రభాకరన్, ఆర్‌ఆర్ తమన్. హర్షవర్ధన్‌కి హిందీ "యానిమల్" నేపథ్య సంగీతానికి జాతీయ అవార్డు కూడా వచ్చింది. ఆర్‌ఆర్ మాత్రమే చేసే మనిషికి పోస్టర్ మీద పేరు పడటం మంచిదే, నాకు సంతోషమే. కాకపోతే పాట ట్యూన్ లోంచి నాలుగు స్వరాలు తీసుకుని గంట తర్వాత వేరే సీన్లో, వేరే వాయిద్యం మీద, వేరే అర్థంతో వాయించే పద్ధతి ఒకటుంది. ఇళయరాజా దాన్ని అలవోకగా చేసేవారు. ఇద్దరు మనుషులు విడివిడిగా పనిచేస్తే ఆ దారం తెగిపోతోంది, చాలా సినిమాల్లో నాకు తెగినట్టే వినిపిస్తోంది.

అన్నిటికంటే బాధ కలిగించేది ఇంకొకటుంది. ఈ సంగీతం మన చేతికి ఎప్పుడూ రాలేదు. క్యాసెట్లో పాటలే ఉండేవి. మహా అయితే మాటల క్యాసెట్లు వచ్చేవి, పల్లెల్లో పెళ్లికి మైక్‌సెట్ పెట్టి "దాన వీర శూర కర్ణ" డైలాగులు వేస్తుంటే ఎన్టీఆర్ గొంతు వెనకాల పెండ్యాల గారి ఆర్‌ఆర్ లీలగా వినపడేది. ఇళయరాజా ఆర్‌ఆర్ ముక్కలు ఇవాళ యూట్యూబులో దొరుకుతున్నాయంటే, అభిమానులు ఓపిగ్గా సినిమాలోంచి మాటలు లేని చోట్లు వెతికి కత్తిరించి పెట్టబట్టే. తలుపు చప్పుళ్లు, బస్సు హారన్లు, వాన, అన్నీ దాంట్లోనే కలిసి వినిపిస్తాయి. మాటలు కలపకముందు రికార్డు చేసిన మ్యూజిక్ ట్రాకులు ఏ నిర్మాత గోడౌన్లోనో, ఏ ల్యాబు అలమరాలోనో ఇంకా మిగిలి ఉంటే, వాటిని డిజిటల్ చేయించి బయటికి తీసుకురండి. కొనుక్కుని వినడానికి మాలాంటివాళ్లం ఉన్నాం. మాగ్నెటిక్ టేపు చెమ్మకి పాడైపోతుంది, ఆలస్యం చేసేకొద్దీ మిగిలేది తగ్గిపోతుంది.

వచ్చే పోస్టులో "అన్వేషణ"ని మొదటినుంచి చివరిదాకా ఆర్‌ఆర్ వైపు నుంచే చూద్దాం, ఏ సీన్లో ఏ వాయిద్యం ఎందుకు వచ్చిందో ఒక్కొక్కటిగా రాస్తాను. ఈలోపు మీరూ సినిమా ఒకసారి హెడ్‌ఫోన్స్‌తో చూసి ఉంచండి, మీకు పట్టేసిన చోటు ఏ నిమిషంలో వస్తుందో కింద కామెంట్లో రాయండి.